ఎడమ రెక్క బరువు

ఎడమ రెక్క కింద ట్యాంకు ఇంధనం ఇవ్వడం మానేసింది. కుడి రెక్క కిందది ఎప్పుడో ఖాళీ అయిపోయింది. ఎడమది మాత్రం పొద్దున నింపినప్పుడు ఎంత ఉందో అంతా కడుపులో దాచుకుని కూర్చుంది. ఎదురుగా తెర మీద ఆ అంకె మారడం లేదు. కళ్ళు తిప్పి మళ్ళీ చూసినా అదే. కింద బంగాళాఖాతం, పైన ఆషాఢమాసపు ఎండ, మధ్యలో దూది పరిచినట్టు మేఘాలు, ఒక్కరికి తప్ప ఇద్దరికి చోటు లేని ఈ యుద్ధవిమానంలో నేను. విమానం ఎడమకి ఒరుగుతానంటోంది. నేను వద్దని స్టిక్‌ని కుడికి పట్టి ఉంచుతున్నాను. మణికట్టు దగ్గర చిన్న నొప్పి మొదలైంది. స్విచ్ ఆపి మళ్ళీ వేశాను. విమానం ముక్కు ఎత్తి దించి, తాళం పడిన పెట్టెని కుదిపినట్టు ఒకసారి కుదిపి చూశాను. లోపల ఎక్కడో ఒక వాల్వు మూసుకుపోయింది, అంతే, బొటనవేలంత వాల్వు. దాని వెనకాల వెయ్యి లీటర్ల పైచిలుకు ఇంధనం ఉండి కూడా నాకు లేనట్టే. బావి నిండా నీళ్ళుండి చేద తెగిపోతే ఎలాగుంటుందో అలాగుంది. ఇంటికి ఇంకా చాలా దూరం ఉంది. భయం వేయాలి కదా అనుకున్నాను. వేసే ఉంటుంది, కానీ దాని మీద ఇంకొకటి కూర్చుంది. ఈ విమానాన్ని నాకు ఒప్పజెప్పారు. పొద్దున నిచ్చెన ఎక్కి ఇందులో కూర్చున్నప్పుడు ఇది నాది. ఇప్పుడూ నాదే. బాగున్నప్పుడే నాది, పాడైతే వేరే ఎవరిదో అనడానికి లేదు.

ఈ ట్యాంకుల్ని చూసిన వాళ్ళంతా బాంబులనుకుంటారు. అలాగే ఉంటాయి మరి, రెండు వైపులా సన్నగా, మధ్యలో లావుగా, నున్నగా. బాంబులు కావు, దారిబత్తెం. పొట్టలో ఉన్న ఇంధనంతో ఇంతే దూరం వెళ్ళగలమంటే, రెక్కల కింద వీటిని కట్టుకుని అంతకి రెట్టింపు వెళ్తాం. ముందు వీటిలోది తాగుతుంది విమానం, తన సొంతది చివరికి అట్టేపెట్టుకుంటుంది. యుద్ధమే వస్తే ఖాళీవో నిండువో ఒక్క మీట నొక్కి వదిలేసి, బరువు దించుకున్న మనిషిలాగ చటుక్కున తిరుగుతుంది. వదిలేయడానికే పుట్టిన వస్తువులు. అయినా గోవింద్ గారు వాటిని పెళ్ళికూతుర్ని ముస్తాబు చేసినట్టు చూసుకుంటారు. వారంట్ ఆఫీసరు గోవింద్ గారిది బొబ్బిలి పక్క ఊరు, వీణలు చేసే ఇల్లు, అన్నదమ్ములంతా పనస దుంగలు తొలుస్తుంటే ఈయన ఒక్కడూ వాయుసేనకి వచ్చేశారు. దళంలో నాతో తెలుగు మాట్లాడేది ఆయనొక్కడే. పొద్దున విమానం చుట్టూ తిరిగి చూసుకుంటుంటే పక్కనే నడుస్తూ, వేళ్ళ కణుపులతో ట్యాంకు మీద కొట్టి, "నిండుగా పలుకుతన్నాదమ్మా. రెండూ నేనే సూసినాను, మరేటీ ఆలోసించకు," అన్నారు. పక్కన మిగతా సిబ్బంది ఉంటే మేడమ్ అంటారు, ఎవరూ లేకపోతే అమ్మా. మనిషి ముప్పై ఏళ్ళ సర్వీసులో ఎన్ని నట్లు బిగించి ఉంటాడు, ఎంతమందిని పైకి పంపి, తిరిగి వచ్చేదాకా మెడ ఎత్తి నిలబడి ఉంటాడు. ఇప్పుడు కూడా రన్‌వే పక్కన నీడ లేని చోట నిలబడి ఉంటారు. ఆయనకి ఇంకా తెలియదు. తెలిసిన క్షణం ఆయన మొహం ఎలా ఉంటుందో నాకు కనబడుతోంది. వద్దు, అది తరవాత. ముందు చెయ్యి. చెయ్యి కుడికి.

"రెండు, నీ ఎడమ ట్యాంకు ఏమంటోంది?" అని చెవిలో వింగ్ కమాండర్ పృథ్వీరాజ్ గొంతు. రేడియోలో మాకు పేర్లుండవు, ఆయన ఒకటి, యమున అనే నేను రెండు. నా కుడి పక్కన కాస్త ముందు, కొంగ ఎగిరినంత కులాసాగా ఎగురుతోంది ఆయన విమానం. ఇంగ్లీషూ హిందీ కలిసిన మాటలవి, నా తలలోకి వచ్చేసరికి తెలుగైపోతాయి. అలాగే ఉంది సార్, చుక్క కూడా దిగలేదు అన్నాను. ఆయన రాజస్థాన్ మనిషి, నీళ్ళని పొదుపుగా వాడే ఊళ్ళో పుట్టి మాటల్ని కూడా అలాగే వాడతాడు. తరవాత లెక్క చెప్పాడు. ఒక రెక్క అంత బరువుగా పెట్టుకుని, ఈ పడమటి గాలి అడ్డంగా కొడుతుంటే, నేల మీద దిగడం కుదరదు. చక్రం తగిలిన క్షణం విమానం పల్టీ కొట్టవచ్చు. ట్యాంకుని వదిలేయాలి. అందుకోసమే కళింగపట్నానికి ఎదురుగా సముద్రంలో ఒక చోటు కేటాయించి ఉంది, దారిలోనే వస్తుంది, అక్కడ వదిలి నేరుగా స్థావరానికి. నేల మీద రాడార్ ముందు కూర్చున్న అబ్బాయి వెంటనే అందుకున్నాడు, ఆ ప్రాంతం ఖాళీగా ఉంది, ఓడలేవీ లేవు అన్నాడు. అంతా సవ్యంగానే ఉంది. ఎవరి పని వాళ్ళు చేస్తున్నారు. నా పని ఒక మీట నొక్కడం.

చెయ్యి కుడికి. మా నాన్న నరసింగరావు కావిడి మోసేవాడు, ట్రాక్టరు రానంత లోపల మా మడి. ఉభాల రోజుల్లో, అంటే నాట్లప్పుడు, ఆకు కట్టలు రెండు పక్కలా వేలాడదీసుకుని గట్టు మీద పరుగులాంటి నడక నడిచేవాడు. వెనకాల నేను, ఎందుకో తెలియదు, నాకేం పనీ లేదు, ఆ నడక చూడ్డం ఇష్టం. ఒకసారి తాడు తెగి ముందు కట్ట సగం జారి మడిలో పడిపోయింది. ఆగిపోతాడనుకున్నాను. ఆగలేదు. ఆగితే బురద గట్టు మీద కాలు జారుతుందని తరవాత చెప్పాడు. కావిడి బద్దని భుజం మీద నాలుగు వేళ్ళు జరిపి, నడుం ఒక పక్కకి వంచి, అలాగే వెళ్ళిపోయాడు చివరిదాకా. అంత వంకరగా నడిచిన మనిషి అంత అందంగా ఎలా ఉన్నాడో నాకు అర్థం కాలేదు. ఇప్పుడు భుజం మీద బద్ద జరపడానికి నాకు వీల్లేదు, నడుం వంచడమే. నాన్న ఎవరైనా అడిగితే మా పిల్ల విమానం తోల్తాది అంటాడు, ఎడ్లబండి తోలినట్టే, ఆ మాట మార్చుకోడు. ఎన్ని గంటలు శిక్షణ, ఎంత చదువు, ఎంతమందిలోంచి ఏరారు, అన్నీ విని తల ఊపి మళ్ళీ తోల్తాది అంటాడు. నాకు ఆ మాటే బాగుంటుంది. నడపడంలో యంత్రం ఉంది, తోలడంలో ప్రాణమున్నది ఏదో ముందుండి లాగుతుంటుంది, దాని ఒంటి వేడి తెలుస్తుంటుంది. ఇదిగో ఈ ఎడమ గిత్త మొండికేసింది నాన్నా. తోల్తన్నాను.

మేఘాల్లోంచి కిందికి దిగాం. ఒక్క నిమిషం అంతా పాల నీళ్ళు, తరవాత ఒక్కసారిగా బూడిదరంగు సముద్రం, దాని చివర మా జిల్లా. నేల మీద తిరిగినప్పుడు ఎంతకీ తరగని జిల్లా ఇక్కడినుంచి అరచేతంత. వంశధార ఎర్రటి నీళ్ళు సముద్రంలో కలిసిన చోట రంగు మారి ఉంది, దీపస్తంభం అగ్గిపుల్లలాగ నిలబడి ఉంది, దక్షిణాన నాగావళి మరో ఎర్ర మరక. ఆ రెండు మరకల చుట్టూనే నా బతుకంతా ఉంది. అరసవల్లి గుడి ఎక్కడో ఆ పచ్చదనంలో, నాకు సెలెక్షన్ వచ్చిందని ఫోన్ చేసినప్పుడు అమ్మ అక్కడే ఆదివారం వరసలో నిలబడి ఉంది, వరస వదిలి బయటికి రాలేక, లోపల గట్టిగా మాట్లాడలేక, ఊఁ ఊఁ అని మాత్రం అంటూ విన్నది. ఎచ్చెర్లలో చదువుకున్నప్పటి హాస్టలు ఆ రోడ్డు గీత పక్కన. హాస్టల్లో నా గది పంచుకున్నది నీలవేణి. నాగావళి కలిసే చోటికి దగ్గర్లో సముద్రపు పల్లె వాళ్ళది, ఎమ్మెస్సీ చదివి, సముద్రం మీదికి వెళ్ళే మేనమావ కొడుకుని కావాలని చేసుకుంది. పిచ్చిదానివా అంటే, "ఏటే, నువ్వు గాల్లోకి పోతానంటే పిచ్చి కాదు గానీ నేను నీళ్ళల్లోకి పోయేవోణ్ణి సేసుకుంటే పిచ్చా," అంది. చేపల వేట మీద నిషేధం అయిపోయి నెల దాటింది కదా అని అప్పుడు గుర్తొచ్చింది నాకు. రెండు నెలలు ఒడ్డున వలలు బాగుచేసుకుంటూ కూర్చున్న వాళ్ళంతా ఇప్పుడు సముద్రం మీదే ఉంటారు. ఖాళీగా ఉంది అన్నాడు రాడార్ అబ్బాయి. ఓడలకి ఇనుముంటుంది, రాడార్‌కి కనబడతాయి. నీలవేణి మొగుడి పడవ ఫైబర్‌ది.

"రెండు, కేటాయించిన చోటుకి వచ్చేశాం. ఉత్తరాన పడవలు కొన్ని కనబడుతున్నాయి. దక్షిణం వైపు ఖాళీగా ఉంది, అక్కడ వదిలెయ్," అన్నాడు పృథ్వీరాజ్. ఉత్తరానివి పెద్ద మరబోట్లు, రంగులు వేసినవి, ఎవరికైనా కనబడతాయి. దక్షిణం వైపు చూశాను. గాలికి సముద్రమంతా తెల్లటి నురగ, ఆవాలు చల్లినట్టు, లెక్కలేనంత. ఖాళీగానే ఉంది. మీట మీద వేలు పెట్టాను. పెట్టిన వేలు పెట్టినట్టే ఉండగా నీలవేణి నన్ను పడవ మీద తీసుకెళ్ళిన మధ్యాహ్నం వచ్చేసింది, ఉప్పు గాలి, డీజిలు వాసన, నాకు కడుపులో తిప్పుతుంటే అది నవ్వుతోంది. దూరంగా వాళ్ళ మేనమావ పడవ ఎక్కడుందో చూపించమంటే నాకు ఎంత వెతికినా నురగ తప్ప ఏమీ కనబడలేదు. "ఒకమాటు సూస్తే కనపడదే. నురగ పుడతాది, సచ్చిపోతాది. పడవ సావదు. కళ్ళు మూసుకుని మళ్ళీ సూడు. అక్కడే ఉన్నాదంటే అది మావోళ్ళది," అంది. వేలు తీశాను. ఇంకొక చుట్టు తిరుగుతాను సార్ అన్నాను. ఇంధనం చూసుకో అన్నాడాయన. చూసుకున్నాను. ఒక చుట్టుకి ఎంత ఖర్చో తెలుసు. తిరిగాను, ఎడమకి తిరగడం సులువు, అది అటే లాగుతోంది, మళ్ళీ సరి చేయడానికి రెండు చేతులూ కావలసివచ్చాయి. మళ్ళీ దక్షిణం వైపు. నురగలన్నీ మారిపోయాయి, ఇందాకటివి చచ్చిపోయి కొత్తవి పుట్టాయి. కొన్ని మాత్రం మారలేదు. ఒకటి. అక్కడొకటి. ఆ పక్కన మరొకటి, దానికి అవతల ఇంకొన్ని. తెల్లగా, సన్నగా, నిలకడగా, పెట్టిన చోటే పెట్టినట్టు.

"ఇక్కడ వదలలేను సార్. పడవలున్నాయి."

"నాకేమీ కనబడటం లేదు."

"నాకు కనబడుతున్నాయి."

ఆయన నాకన్నా పన్నెండేళ్ళు పెద్ద, నేను బడికి వెళ్ళేటప్పుడే ఈ సముద్రం మీద తిరిగినవాడు. వదిలెయ్, అది ఆజ్ఞ అనవచ్చు. అంటే ఏం చేస్తాను. వదలను. ఆ సంగతి ఎంత తేలిగ్గా, ఎంత స్పష్టంగా నాలో ఉందో చూసి నాకే ఆశ్చర్యం వేసింది. శిక్షణలో మొదటి రోజునుంచి ముందు నాయకుడి మాట, తరవాత నీ ప్రాణం, తరవాత విమానం అని నేర్పారు. ఎందుకోసమో మాత్రం ఎవరూ నేర్పనక్కర్లేదన్నట్టు వదిలేశారు. వెయ్యి లీటర్లు నిండిన ఇనప గుండు ఇంత ఎత్తునుంచి పడితే పడవకి ఏమవుతుందో చెప్పక్కర్లేదు. నేరుగా పడక్కర్లేదు, పక్కన పడినా చాలు. తిరుగుతూ పడుతుంది, గాలి ఎటు తోస్తే అటు. వాళ్ళు తలెత్తి చూస్తూ ఉండి ఉంటారు. పిల్లలకి చూపించినట్టు ఒకరికొకరు చూపించుకుంటూ ఉండి ఉంటారు, మనవే, మన విమానాలే అని. మనవే అన్న ఆ మాట నిలబెట్టాలి. అందుకు కాకపోతే నాకు ఈ బట్టలు ఎందుకు, భుజం మీద ఈ చారలెందుకు. ఇంకా లోపలికి వెళ్ళి ఎవరూ లేని నీళ్ళలో వదిలి వస్తాను అన్నాను. ఎంత లోపలికి అన్నాడు. చెప్పాను. తిరిగి రావడానికి మిగిలేది ఎంతో కూడా చెప్పాను, ఆయన అడగక ముందే. ఆయనకి లెక్క నాకన్నా త్వరగా వచ్చు. "నీ విమానం, నీ నిర్ణయం. నేను నీ పక్కనే ఉంటాను," అన్నాడు.

ఇంటివైపు నుంచి మొహం తిప్పుకుని సముద్రంలోకి తిరిగాను. వెనకాల అద్దంలో తీరం సన్నబడి గీతై, గీత కూడా తడిసి చెరిగిపోయింది. ఒక్క ఇంజనుంది ఈ విమానానికి, ఒక్క ఇంజను, ఒక్క మనిషి. తెర మీద అంకెలు తగ్గుతున్నాయి, ఇందాక కదలని అంకెని చూసి కంగారుపడ్డదాన్ని, ఇప్పుడు కదిలేవాటిని చూడబుద్ధి కావడం లేదు. నన్ను ఇంటర్వ్యూ చేసిన పెద్దాయన ఒకాయన, మీ ఊళ్ళో పైలట్లెవరైనా ఉన్నారా అని అడిగాడు. లేరన్నాను. మీ జిల్లాలో అన్నాడు. తెలియదన్నాను. మరి మీకీ ఆలోచన ఎలా వచ్చింది అన్నాడు. మా మడి మీదుగా విమానాలు వెళ్తాయి సార్ అన్నాను. ఆయన నవ్వాడు. వేళాకోళంగా కాదు, ఇంకేమీ అక్కర్లేదన్నట్టు. మడి మీదుగా వెళ్ళేది ఏదైనా మా మడిదే అనుకునేదాన్ని చిన్నప్పుడు, కొంగలు, తూనీగలు, మబ్బులు, విమానాలు. అమ్మ నడుం ఎత్తి చెయ్యి అడ్డం పెట్టుకుని చూసేది, పక్కన గౌరి, నాట్లు వేస్తున్న ఆడవాళ్ళంతా ఒకేసారి నడుం ఎత్తేవాళ్ళు, ఆ సాకుతో వీపుకి కాస్త విరామం. చప్పుడు దాటిపోయాక మళ్ళీ ఒకేసారి వంగేవాళ్ళు. వాళ్ళ వీపులకి అంత విశ్రాంతినిచ్చిన వస్తువు మంచిదే అయ్యుంటుందని నాకు నమ్మకం. ఎరుపు దీపం వెలిగింది. ఇంధనం తక్కువ ఉందని చెప్పే దీపం. చూశానమ్మా, చూశాను, తెలుసు.

ఇక్కడ. కింద నురగ. కళ్ళు మూసి తెరిచాను, మళ్ళీ చూశాను. అన్నీ చచ్చిపోయి అన్నీ కొత్తగా పుడుతున్నాయి. ఒక్కటి కూడా నిలబడి లేదు. ఎవరూ లేరు సార్ అన్నాను, నాకూ కనబడటం లేదు, కానీ ఈసారి నీ మాటే చాలు అన్నాడాయన. రెక్కలు సమంగా పట్టాను, వేగం సరిచూసుకున్నాను, స్విచ్‌లు ఒక్కొక్కటీ వేలితో తాకి పేరు పలుక్కున్నాను, ఎడమ, ఎడమ మాత్రమే, కుడి కాదు. ఇది కూడా మొండికేస్తే? వాల్వు తెరుచుకోనట్టే ట్యాంకుని పట్టుకున్న కొక్కేలు కూడా తెరుచుకోకపోతే? అప్పుడు విమానాన్ని ఇక్కడే వదిలి పారాచూట్ గొడుగు విప్పుకుని నీళ్ళలోకి దూకాలి. అంత ఖరీదైన వస్తువుని, ఇంతమంది చేతుల మీదుగా పెరిగిన వస్తువుని, నేను తోలుతుండగా. వద్దు. నొక్కాను. విమానం ఒళ్ళు విదిలించింది. ఎడమ రెక్క దిగ్గున పైకి లేచింది, కుడికి లాగి పట్టుకున్న నా చెయ్యి ఆనుకోవడానికి ఏమీ లేక అటు పడిపోయింది, వెంటనే సర్దుకున్నాను. పృథ్వీరాజ్ విమానం నా కిందికి జారి, పొట్టంతా చూసి, మళ్ళీ పక్కకి వచ్చింది. "పోయింది. శుభ్రంగా పోయింది. ఎక్కడా దెబ్బ లేదు," అన్నాడు. కింద తెల్లటి పువ్వొకటి విచ్చుకుని, మిగతా నురగలాగే చచ్చిపోయింది. మణికట్టు నొప్పి ఎంతుందో ఇప్పుడు తెలిసింది. హాయిగా ఉంది. ఎంత తేలికో. ఇంత తేలిగ్గా ఉండేదా ఇది, ఇందాక అంతా ఎంత మోశాం ఇద్దరం.

ఇంటికి. పైకి ఎక్కుదామంటే తీరం మీద మేఘాలు నల్లగా లేచి మెరుస్తున్నాయి, కిందినుంచే రమ్మన్నారు. నేల మీదుగా అడ్డంగా వెళ్తే దారి కాస్త తగ్గుతుంది. ఆ అడ్డదారి నిండా ఊళ్ళు, బళ్ళు, కళ్ళాలు. ఇంజను ఆగిపోతే నేను దూకగలను, విమానం ఎటు పడుతుందో నా చేతిలో ఉండదు. అందుకని ఒడ్డున అలలు విరిగే తెల్లటి గీతనే పట్టుకున్నాను. ఎడమ పక్కన నీళ్ళు, కుడి పక్కన మావాళ్ళు, ఆఖరి క్షణమే వస్తే ఎడమకి ఒక్క తోపు తోసి వదిలేయాలి. నాగావళి ఎర్ర నీళ్ళు దాటాం. నీలవేణి పల్లె, ఒడ్డున ఎండేసిన వలలు, ఒక్క పడవ కూడా లేదు ఇసక మీద, అన్నీ నీళ్ళ మీదే ఉన్నాయి, అందరూ అక్కడే ఉన్నారు, సాయంత్రానికి వస్తారు. సరుగుడు తోటలు. జీడితోటలు. పచ్చగా చదరంగం గళ్ళలాగ మళ్ళు, కొన్నింటిలో నీళ్ళు మెరుస్తున్నాయి, కొన్నింటిలో చుక్కల్లాగ మనుషులు, అవి ఎవరి మళ్ళో చెప్పగలిగేంత తెలుసు నాకు, చూడలేదు, చూస్తే చెయ్యి అటు వెళ్తుందని చూడలేదు. దూరంగా భోగాపురం దగ్గర కొత్త విమానాశ్రయం, కొత్త చాప పరిచినట్టు. అంకె ఇంకా ఉంది. చిన్నదైంది గానీ ఉంది. ఇంజను చప్పుడులో తేడా వెతుకుతున్నాను, నిద్రపోతున్న పసిపిల్ల ఊపిరి వినే తల్లిలాగ, తేడా లేదు, ఊపిరి ఆడుతోంది. ఎదురుగా మా రన్‌వే. తిన్నగా దిగు, ఇంకెవరూ లేరు, దారంతా నీదే అన్నాడు రాడార్ అబ్బాయి. గాలి అడ్డంగా తోస్తోంది. కుడి రెక్క కింద ఖాళీ ట్యాంకు, అది లెక్కలోకి రాదు. చక్రాలు తగిలాయి. రెండూ ఒకేసారి. విమానం నేల మీద పరుగెత్తి, నెమ్మదించి, మలుపు తిరిగి, ఆగింది. ఇంజను ఆపాను. ఆ నిశ్శబ్దంలో నా ఊపిరి నాకే పెద్దగా వినబడింది.

నిచ్చెన వేసి ముందు ఎక్కింది గోవింద్ గారే. పట్టీలు విప్పుతున్నారు. నా మొహం చూడడం లేదు. చుట్టూ సిబ్బంది ఉన్నారు, అయినా మేడమ్ అనలేదు. "నేనే సూసినానమ్మా పొద్దున. నా సేత్తోనే సూసినాను. నా వల్ల నీకు," అని ఆగిపోయారు. ఆ వాల్వు ఎందుకు మూసుకుపోయిందో విచారణ జరుగుతుంది, విప్పి చూడడానికి ఆ ట్యాంకే లేదు, ఎవరికీ ఎప్పటికీ తెలియకపోవచ్చు. అది నా చేతిలో లేని సంగతి. నాకు తెలిసింది ఒక్కటే, అదే చెప్పాను. "గోవింద్ గారూ, ఊడమన్న క్షణానే ఊడింది. ఒక్క గీత పడలేదు రెక్క మీద. ఆ కొక్కేలు చూసినదీ మీ చెయ్యే. అది ఊడకపోతే నేనిప్పుడు ఇక్కడ ఉండను." ఆయన అప్పుడు తలెత్తారు. నా హెల్మెట్ అందుకుని, తన చొక్కా అంచుతో దాని అద్దం తుడిచి, మళ్ళీ తుడిచి, చంకలో పెట్టుకుని దిగారు. కిందికి దిగి కాళ్ళు నేల మీద పెడితే నేలే మెత్తగా ఉన్నట్టుంది. పృథ్వీరాజ్ గారు తన విమానం దగ్గరనుంచి నడిచి వస్తున్నారు, జుట్టంతా చెమటకి అంటుకుపోయి. సెల్యూట్ చేశాను. పైన జరిగినదంతా ఆయన అడుగుతారనుకున్నాను. ఆయన నాతో, సిబ్బంది అందరికీ వినబడేలా అన్నారు, "నువ్వు సముద్రంలోకి తిరిగావు చూడు, అప్పుడు నేను నీ కిందగా వచ్చాను. అప్పుడు కనబడ్డాయి. దక్షిణం వైపు, నేను ఖాళీగా ఉందన్న చోట. ఒక దాంట్లో మనిషి నిలబడి చెయ్యి ఊపుతున్నాడు. విచారణలో మొదటి మాట నేనే చెబుతాను, అక్కడ వదలమన్నది నేను, వదలనన్నది ఈమె అని." చెప్పి, చెయ్యి చాపారు. అందుకున్నాను.

బట్టలు మార్చుకుని, పెట్టెలోంచి ఫోన్ తీసేసరికి అమ్మ రెండుసార్లు చేసి ఉంది. మామూలుగా పగటిపూట చెయ్యదు, నేను పైన ఉంటానని. చేశాను. వెనకాల నీళ్ళ చప్పుడు, ఆడవాళ్ళ మాటలు, మడిలోనే ఉంది.

"ఏటమ్మా, ఇన్నిసార్లు సేసినావు," అన్నాను. అమ్మతో అయితే నా నోరు దానంతటదే మా ఊరు వెళ్ళిపోతుంది.

"ఏటీ నేదే. ఇందాకా రెండు విమానాలు పోనాయి, సముద్రం అంచునే, బాగా కిందనించి. నువ్వు గానీ ఉన్నావేటి?"

"ఉన్నానమ్మా."

"ఉన్నావని నాకు తెలుసు గానీ, ఏది నువ్వని మాకు తగువు. ఒకదానికి రెండు రెక్కల కిందా ఏటో ఏలాడతన్నాయి. ఇంకోదానికి ఒక పక్కే ఉన్నాది, ఇంకో పక్క నేదు. రెండున్నదే యమునంటాది గౌరి, లచ్చనంగా ఉన్నాదని. నేను కాదన్నాను. ఒకటే ఉన్నదాన్ని మా పిల్ల తోల్తన్నాదన్నాను."

ఫోన్ చెవికి గట్టిగా నొక్కుకున్నాను. "ఎలాగ తెలిసినాది నీకు?"

"ఎలాగేటే. ఒక పక్క బోసిగా ఉన్నా అది వంకర పోనేదు. ఎక్కడా ఒరగనేదు. తిన్నగా పోనాది. అలాగ పోయింది మా పిల్లది కాకపోతే ఎవులదే అన్నాను. సెప్పు, ఏది నువ్వు?"

ఆ ఒక్క పక్కా ఎందుకు బోసిగా ఉందో ఇంకోరోజు చెబుతాను, ఎదురుగా కూర్చుని, నీ చేతులు పట్టుకుని చెబుతాను. ఇవాళ్టికి అడిగినదానికి జవాబు చాలు.

"ఒకటే ఉన్నది నాదేనమ్మా."

ఫోన్ చెవి దగ్గరనుంచి తీసి, మడి ఈ చివరినుంచి ఆ చివరికి వినబడేలా, నడుం ఎత్తి పిలిచింది మా అమ్మ సుభద్రమ్మ.

"ఒసే గౌరీ, ఇన్నావా."